జర్మనీలో మేయర్‌కు అసలు ఎంత అధికారం? స్టుట్‌గార్ట్‌ను 22 ఏళ్లు నడిపిన రొమ్మెల్ కథతో ఒక వివరణ

జర్మనీలోని బాడెన్-వుర్టెంబర్గ్ రాష్ట్రంలో ఒక ఊరి మేయర్ కుర్చీ ఖాళీ కాబోతోందంటే ముందు ప్రకటన వేయాలి. ఎన్నికల నోటిఫికేషన్ ఎలాగూ ఉంటుంది, ఇది వేరే. అచ్చంగా ఉద్యోగ ప్రకటన. పోలింగ్‌కు కనీసం రెండు నెలల ముందే ఫలానా ఊరికి మేయర్ పోస్టు ఖాళీగా ఉందని అందరికీ తెలియజేయాలని ఆ రాష్ట్ర మునిసిపల్ చట్టంలోనే రాసి ఉంది. అప్లై చేసేవాళ్లు ఆ ఊళ్లో పుట్టి ఉండాలని లేదు, అక్కడ కాపురం ఉండాలని లేదు, పార్టీ టికెట్ అసలే అక్కర్లేదు. పక్క జిల్లాలో అధికారిగా పనిచేస్తున్న మనిషి ఆ ప్రకటన చూసి దరఖాస్తు పెట్టుకుని, ఇంటింటికీ తిరిగి ఓట్లు అడిగి, గెలిచి జీతానికి చేరొచ్చు.

మేయర్ అనగానే మనకు కళ్లముందు మెదిలే బొమ్మ వేరు. కార్పొరేటర్లు కలిసి ఎన్నుకున్న మనిషి, కౌన్సిల్ సమావేశానికి అధ్యక్షత, శిలాఫలకం మీద పేరు. ఫైలు కదలాలంటే మాత్రం ఐఏఎస్ కమిషనర్ సంతకం కావాలి. ఆ బొమ్మతోనే జర్మనీ వార్తలు చదివితే తికమక తప్పదు. 2025 సెప్టెంబరులో కొలోన్, బాన్, డోర్ట్‌మండ్ లాంటి నగరాల్లో మేయర్ ఎన్నికలు జరిగినప్పుడు అక్కడున్న మనవాళ్లలో చాలామందికి ఇవే సందేహాలు. ఈ మేయర్‌ను ఎవరు ఎన్నుకుంటారు, ఎవరు దించుతారు, అసలు చేతిలో ఏముంది? (మనకు ఓటు ఉందా అన్నది ఇంకో ప్రశ్న. లేదు. స్థానిక ఎన్నికల్లో జర్మన్లతోపాటు యూరోపియన్ యూనియన్ దేశాల పౌరులకే ఓటు. ఇండియన్ పాస్‌పోర్ట్ ఉన్నవాళ్లు ఎన్నేళ్లు పన్ను కట్టినా వేయలేరు.)

చిక్కు ఎక్కడొస్తుందంటే, జర్మనీ మొత్తానికి ఒకే మునిసిపల్ చట్టం లేదు. ఆ చట్టం రాష్ట్రాల చేతిలో ఉంది. కాబట్టి ఒకే పదవికి మ్యూనిక్‌లో ఒక బలం, ఫ్రాంక్‌ఫర్ట్‌లో ఇంకో బలం. ఈ తేడాలు ఒట్టి చట్టాలుగా చెబితే బుర్రకెక్కవు. అందుకే ఒక మనిషిని మధ్యలో పెట్టుకుని చూద్దాం. 1975 నుంచి 1996 వరకు, పైన చెప్పిన బాడెన్-వుర్టెంబర్గ్ రాష్ట్రానికి రాజధాని అయిన స్టుట్‌గార్ట్‌కు మేయర్‌గా ఉన్న మాన్‌ఫ్రెడ్ రొమ్మెల్.

ముందు ఈ హోదాల గొడవ తేల్చుకుందాం

లక్ష, అంతకు మించి జనాభా ఉంటే జర్మన్ లెక్కల్లో అది పెద్ద నగరం. అలాంటివి దాదాపు 80 ఉన్నాయి. వీటిలో నగరానికి పెద్దను ఓబర్‌బ్యుర్గర్‌మైస్టర్ అంటారు. పేపర్లలో పొట్టిగా ఓబే అని రాస్తారు. ఉత్త బ్యుర్గర్‌మైస్టర్ అంటే చిన్న ఊళ్లో మేయరే, కానీ పెద్ద నగరంలో మాత్రం డిప్యూటీ. స్టుట్‌గార్ట్‌లో ఈ డిప్యూటీలు ఒక్కొక్కరు ఒక్కో శాఖ చూస్తారు, వాళ్లను కౌన్సిల్ ఎన్నుకుంటుంది. అందువల్ల "స్టుట్‌గార్ట్ బ్యుర్గర్‌మైస్టర్ ఇలా అన్నారు" అని వార్త వస్తే అది అసలు మేయర్ మాట కాకపోవచ్చు.

బెర్లిన్, హాంబర్గ్, బ్రెమెన్ సంగతి పూర్తిగా వేరు. ఇవి నగరాలూ, రాష్ట్రాలూ రెండూను. అక్కడ మేయర్‌ను జనం నేరుగా ఎన్నుకోరు, రాష్ట్ర శాసనసభ ఎన్నుకుంటుంది. మన లెక్కలో చెప్పాలంటే ముఖ్యమంత్రే. పశ్చిమ బెర్లిన్ మేయర్‌గా చేసిన విల్లీ బ్రాంట్ 1969లోనూ, హాంబర్గ్ మేయర్‌గా చేసిన ఓలాఫ్ షోల్జ్ 2021లోనూ దేశ చాన్సలర్లు (మన లెక్కలో ప్రధానులు) అయ్యారంటే, మునిసిపాలిటీ నుంచి ఒక్క గంతులో ఢిల్లీ వెళ్లినట్టు అనుకోకూడదు. వాళ్లు అప్పటికే ఒక రాష్ట్రాన్ని నడిపినవాళ్లు. ఇక్కడ మనం మాట్లాడుకునేది మిగతా నగరాల గురించి.

ఫీల్డ్ మార్షల్ కొడుకు, ఆర్థిక శాఖ ఆఫీసర్

రొమ్మెల్ ఇంటిపేరు రెండో ప్రపంచ యుద్ధం గురించి చదివినవాళ్లందరికీ తెలుసు. ఉత్తర ఆఫ్రికాలో బ్రిటిష్ సైన్యాన్ని ముప్పుతిప్పలు పెట్టిన ఫీల్డ్ మార్షల్ ఎర్విన్ రొమ్మెల్ మాన్‌ఫ్రెడ్ తండ్రి. కొడుకు 1928 డిసెంబరు 24న స్టుట్‌గార్ట్‌లోనే పుట్టాడు. 1944 అక్టోబరు 14న ఉల్మ్ పక్కన హెర్లింగెన్‌లోని ఇంటికి హిట్లర్ పంపిన ఇద్దరు జనరల్స్ వచ్చారు. హిట్లర్ మీద హత్యాయత్నం కుట్రలో తండ్రి పేరు వినిపించింది. విషం తాగుతావా, కోర్టుకు వస్తావా అన్నది వాళ్లు తెచ్చిన ప్రశ్న. కొడుక్కి అప్పుడు పదిహేనేళ్లు, ఇంట్లోనే ఉన్నాడు. కాసేపట్లో చనిపోతానని తండ్రి తనే చెప్పి, వాళ్ల కారెక్కి వెళ్లాడు. నాలుగు రోజులకు ఉల్మ్‌లో, ఆయన్ను చంపించిన ప్రభుత్వమే పూర్తి అధికార లాంఛనాలతో అంత్యక్రియలు జరిపింది. గాయాల వల్ల చనిపోయాడని లోకానికి చెప్పింది.

ఇంత పెద్ద కథ వెనకాల ఉన్నా, మాన్‌ఫ్రెడ్ ఉద్యోగ జీవితం మాత్రం చాలా మామూలుగా మొదలైంది. ట్యూబింగెన్‌లో లా చదివి, 1950లలో బాడెన్-వుర్టెంబర్గ్ ప్రభుత్వంలో చేరి, మెట్టు మెట్టు ఎక్కి, 1970ల మొదట్లో ఆర్థిక శాఖలో స్టేట్ సెక్రటరీ (మంత్రి తర్వాతి స్థానం) స్థాయికి చేరాడు. పార్టీ సీడీయూ, అంటే కన్జర్వేటివ్‌లు. ఈ వరస అక్కడి మేయర్లలో మామూలే. వార్డు కార్పొరేటర్‌గా మొదలుపెట్టి పైకొచ్చినవాళ్ల కంటే, బడ్జెట్లు, చట్టాలు తెలిసిన అధికారులుగా పనిచేసి వచ్చినవాళ్లు దక్షిణ జర్మనీలో ఎక్కువ కనిపిస్తారు. ఒక ఊళ్లో మేయర్‌గా పేరు తెచ్చుకుని ఇంకో పెద్ద ఊరికి దరఖాస్తు పెట్టడమూ తప్పు కాదు. రొమ్మెల్ తర్వాత వచ్చిన వోల్ఫ్‌గాంగ్ షూస్టర్ అంతకుముందు ష్వేబిష్ గ్ముండ్ మేయర్. ఇప్పటి మేయర్ ఫ్రాంక్ నోపర్ దానికి ముందు బాక్‌నాంగ్ మేయర్.

1974లో స్టుట్‌గార్ట్ మేయర్ ఆర్నుల్ఫ్ క్లెట్ పదవిలో ఉండగానే చనిపోయాడు. 1945లో యుద్ధం ముగిసిన దగ్గర్నుంచీ ఆయనే మేయర్. ఆ ఖాళీకి జరిగిన ఎన్నికలో రొమ్మెల్ సోషల్ డెమోక్రాట్ల అభ్యర్థి పీటర్ కొన్రాడీని రెండో రౌండులో ఓడించాడు.

మూడు కుర్చీలు, ఒకే మనిషి

గెలిచిన రొమ్మెల్ చేతికి ఏమొచ్చింది? బాడెన్-వుర్టెంబర్గ్ చట్టంలో మేయర్ మూడు పనులూ ఒక్కడే చేస్తాడు. సిటీ కౌన్సిల్‌కు అధ్యక్షుడు, అందులో ఆయనకూ ఒక ఓటు. నగర పాలనా యంత్రాంగం మొత్తానికి అధిపతి, అంటే మన కమిషనర్ చేసే పని కూడా ఆయనదే. కోర్టులో, ఒప్పందాల మీద నగరం తరఫున సంతకం పెట్టేదీ ఆయనే. కౌన్సిల్ చేసిన తీర్మానం చట్టవిరుద్ధం అనిపిస్తే అడ్డుచెప్పడం ఆయన బాధ్యత. చట్టబద్ధమే అయినా ఊరికి నష్టం అనుకుంటే అడ్డుచెప్పే హక్కు ఉంది. ఆగడానికి వీల్లేని అత్యవసరమైతే కౌన్సిల్ బదులు తనే నిర్ణయం తీసుకోవచ్చు.

పదవీకాలం ఎనిమిదేళ్లు. బవేరియాలో, హెస్సెలో ఆరేళ్లు, నార్త్ రైన్-వెస్ట్‌ఫాలియాలో ఐదేళ్లు. అన్నిటికంటే అసలైన రక్షణ ఇంకొకటి ఉంది. బాడెన్-వుర్టెంబర్గ్‌లో మేయర్‌ను మధ్యలో ఓటుతో దించే ఏర్పాటే లేదు. కౌన్సిల్ అవిశ్వాసం పెట్టలేదు, జనం రీకాల్ చేయలేరు.

1977 అక్టోబరు: శ్మశానం ఎవరి పరిధి?

ఈ రక్షణ కాగితం మీద ఎలా ఉందో చూశాం. అది పనిచేసిన రోజు ఇది. రెడ్ ఆర్మీ ఫ్యాక్షన్ అనే అతివాద వామపక్ష సాయుధ ముఠా ఆ ఏడాది దేశాన్ని వణికించింది. సెప్టెంబరు 5న కొలోన్‌లో పరిశ్రమల యజమానుల సంఘం అధ్యక్షుడు హాన్స్ మార్టిన్ ష్లేయర్‌ను కిడ్నాప్ చేశారు. జైల్లో ఉన్న తమ నాయకులను వదలాలన్నది డిమాండ్. అక్టోబరు 18న స్టుట్‌గార్ట్‌లోని స్టామ్‌హైమ్ జైల్లో ఆ నాయకులు ఆండ్రియాస్ బాడర్, గుడ్రున్ ఎన్స్‌లిన్, యాన్-కార్ల్ రాస్పె చనిపోయారు. ఆత్మహత్య అని అధికారిక నిర్ధారణ. మర్నాడు ష్లేయర్ శవం ఒక కారు డిక్కీలో దొరికింది. ఆయన అంత్యక్రియలు కూడా స్టుట్‌గార్ట్‌లోనే జరిగాయి.

ఇక ఆ ముగ్గురిని ఎక్కడ పూడ్చాలి? గుడ్రున్ తండ్రి పాస్టర్. ముగ్గురినీ ఒకే చోట పూడ్చుకోవడానికి స్థలం ఇవ్వమని అడిగాడు. ఊరంతా భగ్గుమంది. మా వాళ్ల సమాధుల పక్కన వీళ్లా అన్నారు. సొంత పార్టీలోనూ వ్యతిరేకత వచ్చింది. రొమ్మెల్ మాత్రం డోర్న్‌హాల్డెన్ శ్మశానంలో చోటిచ్చాడు. ఏ పగ అయినా ఎక్కడో ఒకచోట ఆగాలి, ఈ పగ చావు దగ్గర ఆగుతుంది అన్నది ఆయన చెప్పిన సమాధానం. అక్టోబరు 27న భారీ పోలీసు బందోబస్తు మధ్య పూడ్చేశారు.

ఈ నిర్ణయాన్ని చాలామంది తండ్రి చావుతో ముడిపెట్టి చెబుతారు. ఉండొచ్చు. శవాన్ని ప్రభుత్వం ఎలా వాడుకుంటుందో పదిహేనేళ్లకే చూసినవాడు. కానీ ఒక్క మనస్తత్వంతోనే ఇది అయిపోలేదు. పోలీసు, జైలు, కోర్టు అన్నీ రాష్ట్రానివి, మేయర్‌కు సంబంధం లేదు. శ్మశానం నగరానిది. కాబట్టి ముఖ్యమంత్రికి ఇష్టమున్నా లేకున్నా ఫైలు రొమ్మెల్ బల్ల మీదకే వచ్చింది. పైగా ఆయన మళ్లీ ఓటు అడగాల్సింది 1982లో, అంటే ఐదేళ్లు టైముంది. ఈలోగా దించే మార్గం ఎవరి దగ్గరా లేదు. మంచితనానికి చట్టం కాస్త నీడ పట్టింది అనడం న్యాయం.

1982 వచ్చేసరికి కోపం చల్లారింది. దాదాపు 70 శాతం ఓట్లతో మొదటి రౌండులోనే గెలిచాడు. 1990లో అంతకంటే కొంచెం ఎక్కువే. అయితే రాష్ట్ర రాజకీయాల్లో లెక్క వేరేగా తేలింది. నాజీ కాలంలో జడ్జిగా వేసిన మరణశిక్షల గొడవలో 1978లో ముఖ్యమంత్రి ఫిల్బింగర్ రాజీనామా చేసినప్పుడు ఆ పదవికి రొమ్మెల్ పేరు కూడా వినిపించింది. పార్టీ లోథార్ ష్పేత్‌ను ఎంచుకుంది. జనం ఓటేసే పదవిలో నిలబెట్టిన స్వతంత్రమే పార్టీ ఇచ్చే పదవికి అడ్డొచ్చిందని నాకనిపిస్తుంది.

ఇదే ఫైలు ఇంకో నగరంలో వచ్చి ఉంటే?

ఫ్రాంక్‌ఫర్ట్ చూద్దాం. హెస్సె రాష్ట్ర చట్టంలో నగరాన్ని నడిపేది ఒక్క మనిషి కాదు, మాగిస్ట్రాట్ అనే బృందం. మేయర్ దానికి అధ్యక్షుడే కానీ నిర్ణయం జరిగేటప్పుడు ఆయనది ఒక ఓటు, సమానంగా చీలితే ఆయన మాట చెల్లుతుంది. మిగతా సభ్యులను ఎన్నుకునేది 93 మంది ఉన్న సిటీ అసెంబ్లీ. ఆ అసెంబ్లీకి మేయర్ అధ్యక్షుడు కూడా కాదు. 1990ల నుంచి మేయర్‌ను జనమే నేరుగా ఎన్నుకుంటున్నారు గానీ, అధికారం మాత్రం బృందంలోనే ఉండిపోయింది. మేయర్ ఒక పార్టీ, మాగిస్ట్రాట్‌లో మెజారిటీ ఇంకో కూటమి అయితే, ఇలాంటి సున్నితమైన విషయంలో మేయర్ ఓడిపోయే అవకాశం బాగా ఉంది.

1977 నాటి కొలోన్ అయితే ఇంకా విచిత్రం. యుద్ధం తర్వాత ఆ ప్రాంతం బ్రిటిష్ ఆక్రమణలో ఉంది. ఒక్కడి చేతిలో అంత అధికారం వద్దని బ్రిటిష్‌వాళ్లు పదవిని రెండుగా చీల్చారు. కౌన్సిల్ ఎన్నుకునే గౌరవ మేయర్ ఒకరు, యంత్రాంగాన్ని నడిపే జీతం అధికారి ఇంకొకరు. మన మేయర్-కమిషనర్ జోడీకి బాగా దగ్గర పోలిక. తేడా ఏంటంటే అక్కడ ఆ అధికారిని కూడా కౌన్సిలే నియమించుకునేది, ఇక్కడ ప్రభుత్వం పంపుతుంది. నార్త్ రైన్-వెస్ట్‌ఫాలియా ఈ పద్ధతిని 1990లలో వదిలేసి, 1999 నుంచి రెండు పనులూ కలిపి, జనం నేరుగా ఎన్నుకునే ఒకే మేయర్‌ను పెట్టుకుంది.

కొలోన్‌కు బ్రిటిష్‌వాళ్లతో ఇంకో లెక్క కూడా ఉంది. 1917 నుంచి అక్కడ మేయర్‌గా ఉన్న కొన్రాడ్ ఆడెనవర్‌ను 1933లో నాజీలు తీసేశారు. 1945లో అమెరికన్లు తిరిగి కూర్చోబెట్టారు. కొన్ని నెలలకే బ్రిటిష్ సైన్యాధికారి సరిగా పనిచేయడం లేదని పంపించేశాడు. ఆ ఖాళీ సమయంలో ఆడెనవర్ పార్టీ కట్టే పనిలో దిగి, 1949లో పశ్చిమ జర్మనీ తొలి చాన్సలర్ అయ్యాడు.

బలమైన మేయర్ కూడా చేయలేనివి

ఇంత చెప్పాక రొమ్మెల్ అనుకున్నదల్లా చేసేవాడనుకుంటే పొరపాటు. స్కూలు బిల్డింగ్ నగరానిది, టీచర్లు రాష్ట్రానివాళ్లు. డబ్బు సంగతి ఇంకా ముఖ్యం. నగరాలకు పెద్ద ఆదాయం వ్యాపార పన్ను. ఆ లెక్క ఇలా ఉంటుంది. ఒక కంపెనీకి పన్ను వేయదగ్గ లాభం 1,00,000 యూరోలు. దేశమంతటికీ ఒకే రేటు 3.5 శాతం, అంటే 3,500. దీన్ని నగరం పెట్టుకున్న గుణకంతో హెచ్చిస్తారు. స్టుట్‌గార్ట్ గుణకం 420 శాతం, కట్టాల్సింది 14,700 యూరోలు. మ్యూనిక్‌లో 490 శాతం, అక్కడ అదే కంపెనీ 17,150 కడుతుంది.

ఆ గుణకం మార్చేది కౌన్సిల్. స్టుట్‌గార్ట్ కౌన్సిల్‌లో 60 మంది సభ్యులు, 61వ ఓటు మేయర్‌ది. పరిపాలన ఆయనదే అయినా బడ్జెట్ ఒప్పించుకోవాల్సిందే. పైగా మెర్సిడెస్, బాష్ లాంటి కంపెనీల ఊరు కాబట్టి కార్లు అమ్ముడుపోని ఏడాది ఖజానా కూడా తగ్గుతుంది. ఆర్థిక శాఖ నుంచి వచ్చిన రొమ్మెల్ ఈ భయంతోనే ఖర్చు దగ్గర గట్టిగా ఉండేవాడు, నగరం అప్పు తగ్గించడం ఆయన పేరు మీద చెప్పుకునే పనుల్లో ఒకటి. ట్రాములను ఆధునిక స్టాట్‌బాన్ (నగర రైలు) లైన్లుగా మార్చడం ఆయన కాలంలోనే మొదలైంది. పాత రైల్వే స్టేషన్‌ను భూమి కిందికి దించే స్టుట్‌గార్ట్ 21 ప్రాజెక్టు కూడా ఆయన హయాంలో 1994లో బయటికొచ్చి, మరుసటి ఏడాది ఒప్పందం దాకా వెళ్లింది. దాని మీద వీధి పోరాటాలు తర్వాతి మేయర్ నెత్తిన పడ్డాయి.

దించాలంటే ఎన్ని ఓట్లు?

రీకాల్ ఉన్న రాష్ట్రాల్లో అది ఎలా పనిచేస్తుందో ఫ్రాంక్‌ఫర్ట్ మేయర్ పీటర్ ఫెల్డ్‌మన్ విషయంలో బయటపడింది. 2018లో 70 శాతం పైగా ఓట్లతో రెండోసారి గెలిచిన మనిషి. ఒక సంక్షేమ సంస్థతో లావాదేవీల మీద ఆరోపణలు వచ్చాయి. 2022 మేలో ఆ ఊరి ఫుట్‌బాల్ టీమ్ యూరోపా లీగ్ గెలిచి వస్తే, సిటీ హాల్లో ఆటగాళ్ల చేతిలోంచి కప్పు తనే లాక్కుని లోపలికి నడిచిన వీడియో కూడా బాగా తిరిగింది. జులైలో సిటీ అసెంబ్లీ మూడింట రెండొంతుల మెజారిటీతో రీకాల్ ఓటింగ్‌కు పంపింది. ఆ డిసెంబరులో కోర్టు జరిమానా కూడా వేసింది.

హెస్సె రూలు ఏంటంటే, దించాలన్నవాళ్లు మెజారిటీ అయితే సరిపోదు, మొత్తం ఓటర్లలో కనీసం 30 శాతం ఉండాలి. 5 లక్షల ఓటర్లున్న నగరం అనుకుందాం. 1,50,000 మంది "దించండి" అనాలి. పోలింగ్ 25 శాతమే జరిగితే, వచ్చిన 1,25,000 మందీ దించమన్నా మేయర్ పదవిలోనే ఉంటాడు. అంటే మేయర్ మద్దతుదారులకు ఓటేయడం కంటే ఇంట్లో కూర్చోవడమే లాభం. 2022 నవంబరు 6న ఫ్రాంక్‌ఫర్ట్‌లో దాదాపు 42 శాతం పోలింగ్, అందులో 95 శాతం దించమన్నారు. మొత్తం ఓటర్లలో సుమారు 40 శాతం. ఫెల్డ్‌మన్ దిగిపోయాడు.

డ్యూయిస్‌బర్గ్ కథ ఇంకా బాధాకరం. 2010 జులై 24న లవ్ పరేడ్ సంగీతోత్సవంలో తొక్కిసలాటలో 21 మంది చనిపోయారు. మేయర్ ఆడోల్ఫ్ జావర్‌లాండ్ రాజీనామా చేయనన్నాడు. జనం సంతకాలతో రీకాల్ పెట్టే వీలు అప్పటికి నార్త్ రైన్-వెస్ట్‌ఫాలియా చట్టంలో లేదు. 2011లో చట్టం మార్చారు. 2012 ఫిబ్రవరిలో జనం దించారు. తనంతట తాను రాజీనామా చేస్తే పెన్షన్ పోతుంది, ఓటుతో దించితే మిగులుతుంది అన్న అంశం అప్పుడు బాగా చర్చకొచ్చింది. మేయర్ కూడా ప్రభుత్వోద్యోగి లెక్కలోకే రావడం వల్ల వచ్చిన తంటా ఇది.

ఏది మంచి పద్ధతి? వాదనలు రెండు వైపులా ఉన్నాయి

బలమైన మేయర్ పద్ధతి నచ్చినవాళ్లు చెప్పేది: తప్పు జరిగితే ఎవరిని అడగాలో జనానికి తెలుస్తుంది. ఎనిమిదేళ్లు ఉంటే ట్రామ్ లైన్ లాంటి పని మొదలుపెట్టి ముగించొచ్చు. నచ్చనివాళ్లు చెప్పేదీ తేలిగ్గా తీసేయలేం. కౌన్సిల్ సభ్యులు ఉద్యోగాలు చేసుకుంటూ సాయంత్రాలు వచ్చి ఫైళ్లు చదువుతారు. మేయర్ వెనకాల వేలమంది సిబ్బంది ఉంటారు. సమాచారం మొత్తం ఒకవైపే ఉంటే కౌన్సిల్ నిలదీయలేదు. పైగా దించే మార్గమే లేకపోవడం రొమ్మెల్ విషయంలో మేలు చేసింది కాబట్టి సరిపోయింది, డ్యూయిస్‌బర్గ్ లాంటి సందర్భంలో అదే రూలు ఊరిని ఉక్కిరిబిక్కిరి చేస్తుంది. మాగిస్ట్రాట్ పద్ధతిలో అన్ని వర్గాల మాటా వినిపిస్తుందంటారు దాని పక్షంవాళ్లు. జనం నేరుగా గెలిపించిన మనిషికి ఆ గెలుపుకు తగ్గ అధికారం ఇవ్వకపోవడం ఓటర్లను మోసగించడమే అంటారు అవతలివాళ్లు. నా మటుకు ఈ రెండో మాటలో బలం ఉంది. ఒకాయనను ఎన్నుకుని ఇంకో బృందం చేత పాలించుకోవడం అర్థమయ్యేలా చెప్పడమే కష్టం.

బయటివాళ్లకూ తలుపు తెరిచిన పదవి

నేరుగా ఓటు రావడంతో బయటి నుంచి వచ్చినవాళ్లకూ దారి దొరికింది. 2015లో బాన్ నగరానికి అశోక్-అలెగ్జాండర్ శ్రీధరన్ మేయర్ అయ్యారు. తండ్రి భారత దౌత్యవేత్త, తల్లి జర్మన్. లాయర్‌గా మొదలుపెట్టి, పక్కనున్న కోనిగ్స్‌వింటర్ పట్టణంలో ఆర్థిక వ్యవహారాలు చూసే అధికారిగా పనిచేసి వచ్చారు. గెలిచింది 50 శాతానికి పిసరంత ఎక్కువతో. 2020లో గ్రీన్స్ అభ్యర్థి కాట్యా డోర్నర్ చేతిలో ఓడిపోయారు. 2019లో రోస్టాక్ నగరం ఏకంగా డెన్మార్క్ పౌరుడు, ఫర్నిచర్ వ్యాపారి క్లౌస్ రూహె మాడ్‌సెన్‌ను ఎన్నుకుంది.

పదవికి ప్రమాదం కూడా ఉంది. 2015 అక్టోబరు 17న కొలోన్‌లో స్వతంత్ర అభ్యర్థి హెన్రియెట్ రేకర్ ప్రచారంలో ఉండగా, శరణార్థుల మీద ఆమె విధానం నచ్చని ఒక అతివాది మెడ మీద పొడిచాడు. మర్నాడు పోలింగ్. ఆమె ఆసుపత్రిలో స్పృహలో లేరు. 52 శాతం పైగా ఓట్లతో గెలిచారు. 2025 వరకు రెండు విడతలు మేయర్‌గా ఉన్నారు.

స్టుట్‌గార్ట్‌లో మారిన రూల్స్

రొమ్మెల్ ఓడిపోయి దిగలేదు. అప్పటి చట్టం ప్రకారం 68 ఏళ్లు నిండితే మేయర్ రిటైర్ కావాలి. 1996 క్రిస్మస్ ముందురోజు ఆయనకు 68 నిండాయి, ఏడాదితోపాటు పదవీ ముగిసింది. పార్కిన్సన్ జబ్బుతో చాలాకాలం గడిపి, 2013 నవంబరులో చనిపోయాడు. మరుసటి ఏడాది స్టుట్‌గార్ట్ విమానాశ్రయానికి ఆయన పేరు పెట్టారు. అక్కడ దిగే మనవాళ్లలో ఆ పేరు తండ్రిది అనుకునేవాళ్లు లేకపోలేదు.

వయోపరిమితి అన్నదాన్నే 2023లో ఎత్తేశారు. ఇప్పుడు 18 నిండితే ఎవరైనా పోటీ చేయొచ్చు, పైన హద్దు లేదు. ఇంకో మార్పు ఓట్ల లెక్కది. అంతకుముందు మొదటి రౌండులో ఎవరికీ సగం దాటకపోతే, రెండో రౌండు ఇద్దరి మధ్యే జరగాలని లేదు. ఇష్టమున్నవాళ్లంతా మళ్లీ నిలబడొచ్చు, కొత్తవాళ్లూ దిగొచ్చు, ఎక్కువ ఓట్లొచ్చినవాళ్లే విజేత. 2020లో నోపర్ మొదటి రౌండులో 31.8 శాతం, రెండో రౌండులో 42.3 శాతం తెచ్చుకుని మేయర్ అయ్యాడు. ఓటేసినవాళ్లలో సగం కంటే ఎక్కువ మంది వేరేవాళ్లను కోరుకున్నారు. ఇప్పుడు మొదటి ఇద్దరి మధ్యే రెండో రౌండు, కాబట్టి గెలిచినవాళ్లకు సగం దాటక తప్పదు. ఎనిమిదేళ్ల లెక్కన స్టుట్‌గార్ట్ ఈ కొత్త పద్ధతిలో మొదటిసారి మేయర్‌ను ఎన్నుకోబోయేది 2028 చివర్లో.